నాగార్జునకొండ ద్వీపయాత్ర

పెరటిచెట్టు మందునకు రాదని పెద్దలూరక యనలేదు. కాశికి పోయివచ్చినవారిని చుట్టుముట్టి, గంగ యెట్లున్నది, విశ్వనాథుడెట్లున్నాడని యడుగు మనము, ఇంటికి దాపున నున్న వింతను చూచుటకు పదియేండ్లైనను కదలము. మేము నల్లగొండ జిల్లాలోని తిరుమలగిరియందు కాపురముందుము. మావారు బడిపంతులు. కృష్ణానదికి అడ్డముగా కట్టిన నాగార్జునసాగరము మా ప్రాంతమును ఆనుకొనియే యున్నది. ఆ జలాశయము నడుమ నాగార్జునకొండ యను ద్వీపము కలదు. దానిని చూచుటకు దేశదేశములనుండి జనులు వచ్చుచుండగా, నేను కాపురమునకు వచ్చిన పదునాలుగేండ్లకు గాని దాని మొగము చూడలేదు. ఆ చూచుటయు నా తలంపువలన సిద్ధింపలేదు. మా అమ్మాయి భూగోళపాఠము ఒక కారణము. మా అమ్మమ్మ యన్న యొక్క మాట రెండవ కారణము. సోదరీమణులు విసుగుకొనక వినుదురుగాక.

ఒకనాటి రాత్రి భోజనములైన పిదప మా పెద్దమ్మాయి దీపము చెంత కూర్చుండి ద్వీపములను గూర్చిన పాఠము చదువుచుండెను. "సముద్రగర్భమున అగ్నిపర్వతములు బ్రద్దలైనపుడు కరగిన రాయి పైకుబికి, చల్లారి, ద్వీపములగును" అని చదివి తలయెత్తి, "నాన్నా, మన నాగార్జునకొండ కూడ అట్లే పుట్టినదా?" అని యడిగెను.

మావారికి ప్రశ్న దొరికిన పండుగ. అండమాను దీవులలో బారెన్ ద్వీపమను నిప్పుకొండ యున్నదనియు, మన దేశమున నేటికిని జీవించియున్న అగ్నిపర్వతము అదియొక్కటియే యనియు, 1787లో అది పొగలు గ్రక్కుట చూచి వ్రాసియుంచిరనియు, తరువాత చిరకాలము నిద్రపోయి 1991లో మరల మేలుకొన్నదనియు వర్ణించి చెప్పిరి. ఆ దీవుల ముఖ్యపట్టణమునకు పోర్టు బ్లెయిరను పేరు తీసి 2024లో శ్రీ విజయపురమని పెట్టిరి. అచ్చటినుండి సుమారు నూట నలువది కిలోమీటర్లు సముద్రముమీద పోవలెను. ఓడలో దాపునకు పోయి చూడవచ్చునేగాని దిగనీయరట.

నేను అంట్లగిన్నెలు సర్దుచు, "ఇది మనకు క్రొత్తమాట కాదు. భారతము ఆదిపర్వమున ఔర్వుని కథలో నున్నదే కదా!" అంటిని. తన వంశమువారికి జరిగిన అన్యాయమునకు ఔర్వమహర్షి కినిసి లోకములను దహింపబూనగా, పితృదేవతలు వచ్చి, నాయనా, ఆ కోపాగ్నిని సముద్రమున విడువుమని బోధించిరి. అతడట్లే చేసెను. అదియే బడబాగ్ని. నీళ్ళ అడుగున నిప్పున్నదని మన పూర్వులకు తోచినది.

"అయితే నాగార్జునకొండ సంగతి?" యని పిల్ల పట్టుపట్టెను.

అంతలో గదిమూల మంచముమీదనుండి మా అమ్మమ్మ గొంతు వినవచ్చెను. "అది ఎట్ల పుట్టిందో నన్నడుగు బిడ్డా. అది నేను జూస్తుండగ పుట్టింది."

అందరము నిశ్శబ్దులమైతిమి.

అమ్మమ్మయనగా మా అత్తగారి తల్లి. ఎనుబదియేండ్లు దాటినవి. ఆమె పుట్టిల్లు కృష్ణకు కుడిగట్టున, నాగార్జునకొండ లోయలోని పల్లె. సాగరము నిండినపుడు ఆ పల్లె మునిగిపోయినది. ఆమె అప్పటికే నదికి ఇవతల నల్లగొండ వైపు కోడలై వచ్చియుండెను. అటుపిమ్మట ఆమె ఆ నీటివైపు కన్నెత్తి చూడలేదు. బంధువులు ఆనకట్ట చూడబోవుచు రమ్మని పిలిచినపుడెల్ల, మోకాళ్ళు నొచ్చుచున్నవని తప్పించుకొనెడిది.

ఇందు నా తప్పొకటి చెప్పవలసియున్నది. రెండేండ్ల క్రిందట ఊరిలో జరిగిన యొక సభకొఱకు నేను సాగరమును గూర్చి యొక వ్యాసము వ్రాసితిని. బీడువడిన నల్లగొండ నేలకు నీళ్ళు తెచ్చినవారు అపర భగీరథులని కొనియాడితిని. ఇంట నందరిని కూర్చుండబెట్టి చదివి వినిపించితిని. అందరును మెచ్చుకొనిరి. అమ్మమ్మ మాత్రము నడుమనే లేచి పెరటిలోనికి పోయి, చీకటిపడువఱకు లోనికి రాలేదు. ముసలితనపు చాదస్తమనుకొంటిని. ఆమెను అడుగవలెనని నాకు తోచలేదు. ఆనాటి రాత్రి "నేను జూస్తుండగ పుట్టింది" అన్న మాట విన్నపుడు గాని నా అవివేకము నాకు తెలియలేదు.

మఱునాడు ఆమె ప్రక్కన కూర్చుండి కాళ్ళు పిసుకుచు, "అమ్మమ్మా, అందరము కలిసి పోయివత్తమా?" అని యడిగితిని. కంటిలో పొరలు కమ్ముచున్నవి; వచ్చు ఏటికి చూపుండునో యుండదో యని ఆమెకే భయము. చాలసేపు పలుకలేదు. పిదప, "ఒక్కపారి జూస్త" అన్నది.

పుష్యమాసమున నొక ఆదివారము నిశ్చయించుకొంటిమి. తెల్లవారుజామున లేచి పులిహోర కలిపి, పెరుగన్నము కట్టి, ఆవకాయ సీసా, మంచినీళ్ళు, చాప, గొడుగు సర్దుకొంటిని. అమ్మమ్మ తన పాత రాగిచెంబును కొంగున తుడిచి చేతపట్టుకొనెను. నీళ్ళు ఉన్నవి కదాయన్నను వినలేదు.

సూర్యోదయమునకు సాగరము చేరితిమి. ముందుగా ఆనకట్టను చూడక ఎవరును ముందునకు పోలేరు. ఇది కాంక్రీటు గోడ కాదు. రాతితో కట్టిన కట్టడము. 1955వ సంవత్సరము డిసెంబరు 10వ తేదీన జవహర్‌లాల్ నెహ్రూగారు దీనికి శంకుస్థాపన చేసిరి. 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీగారు కాలువలకు నీరు విడిచిరి. ఎత్తు సుమారు 124 మీటర్లు, రాతికట్టడము పొడవు 1450 మీటర్లు, తలుపులు ఇరువదియాఱు. వేలాది స్త్రీపురుషులు తట్టలతో రాళ్ళు, సున్నము, సిమెంటు మోసి దీనిని లేపిరి. ఎడమగట్టు కాలువకు లాల్ బహదూర్ శాస్త్రిగారి పేరును, కుడిగట్టు కాలువకు జవహర్ పేరును పెట్టిరి. మేము తిను అన్నము ఎడమకాలువ నీటిది.

ఆనకట్ట దిగువనున్న వంతెన దాటి కుడిగట్టున విజయపురి సౌత్‌లోని లాంచీరేవునకు పోయితిమి. చీట్లు కొని లాంచీ యెక్కబోగా, అచ్చటి పనివారు ఒక్కొక్కరికి నారింజరంగు లైఫ్ జాకెట్టు తొడిగిరి. అమ్మమ్మ ససేమిరా యనెను. "ఊరునే మింగినయి. నన్నింకేం జేస్తయి?" అని త్రోసివేసెను. పనివాడు చిన్నవాడు; ఏమనుటకును తోచక నిలుచుండెను. చివరకు మా చిన్నవాడు తన జాకెట్టును విప్పి, "తాతమ్మ తొడుక్కోకపోతే నేనూ తొడుక్కోను" అని మొండికెత్తగా, ఆమె నవ్వి తొడిగించుకొనెను. సోదరీమణులారా! ఈ విషయమున మొగమాటము వలదు. 2019 సెప్టెంబరులో గోదావరిమీద కచ్చులూరు దగ్గఱ నావ మునిగి ఎందఱి గృహములు చీకటియయ్యెనో మఱువరాదు. ఉక్కగానున్నను, చీర నలిగినను, నీటిమీద నున్నంతసేపు జాకెట్టు విప్పకుడు.

లాంచీ కదలెను. తీరము వెనుకకు పోవుకొలది నీరు నీలమై, తరువాత ఆకుపచ్చయై, ఎండ పొడిచినచోట వెండివలె మెఱసెను. రెండు ప్రక్కల కొండలు. మావారు పిల్లలకు ఆ కొండల పొరలు చూపిరి. అడుగున నున్నది నల్లగొండ గుట్టలలోని గ్రానైటు రాయియే. దాని వయస్సు సుమారు రెండువందల యేబది కోట్ల సంవత్సరములు. దానిమీద ప్రాచీన సముద్రపు ఒడ్డున పేరుకొన్న ఇసుక గట్టిపడి, పలకలు పలకలుగా రాయియైనది. కనుక ఇది నిప్పుకొండ పుట్టించిన ద్వీపము కాదు. నేలమీది కొండయే నీటినడుమ చిక్కి ద్వీపమైనది.

"అయితే మన దగ్గఱ నిప్పే లేదా?" యని పిల్ల నిరాశతో నడిగెను.

"ఉన్నది. మన పొలాలగట్లమీద గ్రానైటు గుండ్ల నడుమ గోడవలె సాగిపోవు నల్లరాయి చూచితివి గదా! పూర్వకాలమున భూగర్భమునుండి కరగిన రాయి పగుళ్ళలోనికి ఎగదన్ని, పైకి రాకయే లోపల చల్లారి గట్టిపడినది. అదియే ఆ నల్లరాయి" అని మావారనిరి.

పైకి రాక లోపలనే చల్లారిన నిప్పు! నేను అప్రయత్నముగా అమ్మమ్మవైపు చూచితిని. ఆమె లాంచీ కమ్మిని రెండుచేతుల పట్టుకొని, నీటిని గాక, కొండల అంచులనే చూచుచుండెను.

రామాయణమున హనుమంతుడు సముద్రము దాటునపుడు, నీటిలో దాగియున్న మైనాకుడు పైకి లేచి, నా శిఖరమున క్షణకాలము విశ్రమింపుమని వేడుకొనును. దూరమున నాగార్జునకొండ కనబడగానే నాకు మైనాకుడు స్మరణకు వచ్చెను. తేడా యొక్కటియే. మైనాకుడు తాను పైకి లేచెను. ఇచ్చట కొండ కదలలేదు, నీరే లేచివచ్చెను.

సగము దూరము పోయిన పిదప అమ్మమ్మ నా చేయి పట్టుకొని లాగెను. "ఆ రెండు గుట్టల నడుమ సందుందే, ఆడికెళ్లి పొద్దు పొడిసేది. గీ పెద్దకొండ మా ఇంటికి కుడిచేతి దిక్కుండేది. అంటే..." అని కన్నులు చికిలించి, వ్రేలితో గాలిలో ఏదో కొలిచి, "గీడనే ఎక్కడో" అన్నది.

మూడువైపుల కొండలు, నాల్గవవైపు కృష్ణ. నడుమ పచ్చని లోయ. అట్లుండెడిదట. ఇపుడు ఆ లోయమీదుగా మా లాంచీ పోవుచున్నది. క్రిందికి చూచితిని. నీరు తప్ప ఏమియు కనబడలేదు. ప్రయాణికులు కొందఱు పాటలు పాడుచుండిరి, కొందఱు ఫొటోలు తీసికొనుచుండిరి. వారి తప్పేమున్నది? నేనును అమ్మమ్మ లేకున్న అట్లే పోయియుందును.

సుమారు గంటసేపటికి ద్వీపము చేరితిమి. చెట్లనీడ బాటమీద మెల్లగా నడిచి ప్రదర్శనశాలకు పోయితిమి. ద్వీపముపై ప్రదర్శనశాల యుండుట అరుదు. 1966లో దీనిని తెఱచిరి. శుక్రవారము మూసియుందురు, వెళ్ళదలచినవారు గుర్తుంచుకొనవలెను.

ఈ స్థలము లోకమునకు తెలిసిన కథ మా యింటికి గర్వకారణము. 1926లో ఈ లోయలో పాతఱాతి స్తంభమును చూచి, ఇది సామాన్యము కాదని మద్రాసు ప్రభుత్వమువారికి తెలియజేసినవాడు సూరపరాజు వేంకటరామయ్యగారను ఉపాధ్యాయుడు. ఆ మాట వినగానే మా పిల్లలు తండ్రిని చూచి చప్పట్లు కొట్టిరి. పిమ్మట 1927 మొదలు 1931 వఱకు లాంగ్‌హర్స్టు దొరగారును, 1938లో టి. ఎన్. రామచంద్రన్‌గారును త్రవ్వించిరి. ఆనకట్ట నిశ్చయమైన పిదప, మునుగకముందే సాధ్యమైనంత వెలికి తీయవలెనని 1954 మొదలు 1960 వఱకు ఆర్. సుబ్రహ్మణ్యంగారి ఆధ్వర్యమున లోయనంతటిని త్రవ్విరి. ముప్పదికి మించిన బౌద్ధారామములు, దేవాలయములు, స్నానఘట్టములు, మెట్లతో గూడిన క్రీడాప్రాంగణము బయల్పడినవి. వానిలో తొమ్మిది కట్టడములను రాయి రాయిగా విడదీసి తరలించి తిరిగి కట్టిరి. మఱికొన్నిటికి ప్రతిరూపములు చేసిరి. కొన్ని ఈ కొండమీదను, కొన్ని గట్టుమీది అనుపులోను ఉన్నవి.

పదునేడు వందల యేండ్ల క్రిందట ఇచ్చట ఇక్ష్వాకురాజుల రాజధాని విజయపురి యుండెను. శాంతమూలుడు, అతని కుమారుడు వీరపురుషదత్తుడు, మనుమడు ఎహువుల శాంతమూలుడు పేరుపొందిన రాజులు. రాజులు యజ్ఞములు చేసిరి, దేవాలయములు కట్టించిరి; వారి ఇంటి స్త్రీలు బౌద్ధారామములు కట్టించిరి. ఒకే యింట రెండు మతములు కలహింపక నిలిచినవి. ఆచార్య నాగార్జునుడు ఇచ్చటి శ్రీపర్వతమున వసించెనని సంప్రదాయము. కొండకు ఆయన పేరే నిలిచినది.

సోదరీమణులు శ్రద్ధగా వినదగినది ఇచ్చటి శాసనముల సంగతి. ప్రాకృతభాషలో బ్రాహ్మీలిపిలో చెక్కిన ఈ శాసనములలో దాతల పేర్లు అధికభాగము స్త్రీలవి. శాంతమూలుని చెల్లెలు శాంతిశ్రీ, వీరపురుషదత్తునకు మేనత్తయు అత్తగారును, అతని యాఱవ పాలనసంవత్సరమున మహాచైత్యమునకు స్తంభములు ఎత్తించెను. ఉజ్జయినినుండి కోడలై వచ్చిన రుద్రధర భట్టారిక యొక స్తంభము నిలిపెను. వనవాసి రాజునకిచ్చిన ఆడపడుచు కొడబలిశ్రీ, దూరదేశపు రాణియైనను, పుట్టినింటి గడ్డమీద విహారము కట్టించెను.

వీరందఱికంటె నా మనస్సును ఆకర్షించినది బోధిశ్రీ యను ఉపాసిక. ఈమె రాణి కాదు. వీరపురుషదత్తుని పదునాలుగవ సంవత్సరమున సింహళభిక్షువులకొఱకు చైత్యగృహము కట్టించి శాసనము వేయించెను. ఆ భిక్షువులు ధర్మము బోధించిన దేశములను పేర్కొనుచు కాశ్మీరము, గాంధారము, చీనా, తోసలి, అపరాంతము, వంగము, వనవాసి, యవనము, ద్రవిడము, తామ్రపర్ణి యని చదువుచుండగా భూగోళపటము కన్నులయెదుట విప్పినట్లుండును. అంతటితో ఆగక తాను వేఱువేఱు చోట్ల కట్టించిన మండపమును, త్రవ్వించిన చెఱువును చెప్పి, తన బంధువుల నందఱను పేరుపేరున తలచి, ఈ పుణ్యమున వారికి భాగమిచ్చెను. ఇంటిల్లిపాదిని మఱువకుండ తలచుకొనుట మన స్త్రీలకు సహజమైన గుణము కదా! సత్రమునకు చందా యిచ్చినను, "మా అత్తగారి పేరు కూడ వ్రాయుడు" అందుము.

ప్రదర్శనశాలలో ఛాయాస్తంభములను చూచితిని. మరణించినవారి స్మృతికొఱకు ఎత్తిన ఱాళ్ళివి. రాజునకే కాదు, పోరులో పడిన వీరునకు, పనివానికి గూడ ఎత్తిరి. శాంతమూలమహారాజు స్తంభమును ఆయన తల్లులు, చెల్లెండ్రు, భార్యలు కలిసి నిలిపిరి. నీడవలె మిగిలినదానిని ఱాతిలో నిలుపుట! ఎంత చక్కని పేరు పెట్టిరి!

బయటికి వచ్చి వేపచెట్టు నీడను చాప పఱచి భోజనములు చేసితిమి. అమ్మమ్మ రెండు ముద్దలు తిని చేయి కడుగుకొనెను. మహాచైత్యము వైపు చూచుచు, తనంతట తానే చెప్పసాగెను. ఆమె పదేండ్ల పిల్లగా నున్నపుడు త్రవ్వకములలో తల్లితోపాటు మన్ను మోసెనట. ఒకనాడు తట్టలో చిన్న పూస కనబడగా పంతులుగారికిచ్చిరట. ఆయన దానిని దూదిలో చుట్టి డబ్బాలో పెట్టి, ఎచ్చట దొరికినదో పుస్తకమున వ్రాసికొనిరట. "నాకు నవ్వొచ్చింది. ఇంత పూసకు గింత మర్యాదనా అని" అన్నది.

కొంతసేపు ఊరకుండి మరల ననెను: "రాళ్లకు నంబర్లేసిన్రు. ఒక్క రాయి పోకుండ మోసుకపోయిన్రు. మమ్ముల మాత్రం మేమే మోసుకున్నం. మా అమ్మ తిరగలి నెత్తిన పెట్టుకొని నడిసింది."

ఆ తిరగలి నేటికిని మా యింట నున్నది. పండుగలకు కందులు అందులోనే విసరుదుము. అది అమ్మమ్మకు పుట్టింటివారిచ్చిన వస్తువని మాత్రమే నాకు తెలియును. మునిగిన ఊరిలోనుండి మాయింట మిగిలిన రాయి అదియొక్కటియే యని నాకు తెలియదు.

నేను తలవంచుకొని, "అమ్మమ్మా, ఆనాడు నేను చదివిన వ్యాసము మీ మనస్సును నొప్పించినది. నాకు తెలియక వ్రాసితిని" అంటిని.

ఆమె నా తల నిమిరి, "నీవు రాసింది అబద్ధం గాదు బిడ్డా. నీళ్లొచ్చినయి, నా బిడ్డలు మూడుపూటల తిన్నరు. నేనూ ఆ బువ్వే తింటున్న. గని మా ఊరి పేరు ఒక్కపారన్న వస్తదేమోనని చివరిదాక విన్న. రాలే. అందుకే లేసిపోయిన" అన్నది.

చివరిదాక కూడ వినక లేచిపోయెనని నేను రెండేండ్లుగా అనుకొనుచుంటిని. ఆమె నా వ్యాసమున నొక పేరుకొఱకు ఎదురుచూచి, రాకపోగా లేచినది.

అపుడు నాకు భగీరథుని కథలో నేను విడిచిన భాగము జ్ఞప్తికి వచ్చెను. బాల్యమున మా తాతగారు చెప్పగా ఎన్నిమార్లు వింటినో! గంగ భగీరథుని రథము వెంట పరుగులెత్తుచు పోవునపుడు, త్రోవలో జహ్నుమహర్షి యాగశాలను ముంచివేసెను. మహర్షి కోపించి గంగనంతయు త్రాగివేసెను. దేవతలు, ఋషులు వచ్చి ప్రార్థింపగా కరుణించి, చెవులనుండి మరల విడిచెను. అందుచేత గంగ ఆయనకు కూతురై జాహ్నవి యయ్యెను. నీళ్ళు తెచ్చినవానిని మాత్రమే కీర్తించి ఆ పురాణము ఊరకుండలేదు. మునిగిన యాగశాల యెవరిదో చెప్పినది. ఆయన కోపమును తప్పు పట్టలేదు. నదికి ఆయన పేరే పెట్టినది. నేను మాత్రము భగీరథునివఱకు వ్రాసి కలము పెట్టితిని.

మూడుగంటల వేళ తిరుగు లాంచీకై రేవునకు దిగితిమి. అందఱును ఎక్కుచుండగా అమ్మమ్మ మా చిన్నవాని చేయి ఊతగొని నీటియంచున రాతిమెట్టుపై కూర్చుండెను. రాగిచెంబును నీట ముంచి నింపెను. మేము వలదనునంతలోనే దోసిట పోసికొని ఒక గ్రుక్క త్రాగెను. కన్నులు మూసికొని క్షణము రుచి చూచినట్లుండి, "ఇవి మా ఊరి బాయినీళ్లే" అన్నది. చెంబునకు మూత పెట్టి, కొంగుతో చుట్టి, ఒడిలో పెట్టుకొని ఇంటివఱకు వదలలేదు.

ఒడ్డు చేరిన పిదప బండిమీద అనుపునకు పోయి, అచ్చట తిరిగి కట్టిన క్రీడాప్రాంగణమును చూచితిమి. నలువైపుల మెట్లు, నడుమ దీర్ఘచతురస్రపు నేల. మా అమ్మాయి నడుమ నిలుచుండి పద్యము చదివినది. పై మెట్టున నున్న మాకు చక్కగా వినబడెను. ప్రొద్దు క్రుంకువేళకు ఆనకట్ట దాపునకు వచ్చితిమి. నీరు ఎఱ్ఱబడి, నిజముగా నిప్పు కరగి ప్రవహించినట్లే యుండెను. "ఇపుడు అగ్నిపర్వతద్వీపమువలె లేదా, నాన్నా!" అని పిల్ల సంతసించెను.

దారిలో ఎడమకాలువ వెంబడి కొంతదూరము వచ్చితిమి. నాట్లు పడిన పొలములు చీకటిలో పచ్చని వాసన వేయుచుండెను. అమ్మమ్మ కిటికీకి తలయానించి చూచుచుండెను. కోపమున్నదో శాంతించినదో నేనడుగలేదు. అన్నము తినుచునే ఊరికొఱకు దుఃఖించుట ఎట్లో ఆమెకు అరువదియేండ్లుగా తెలియును. నేనే ఆనాడు నేర్చుకొంటిని.

చెంబునీరు మా దేవునిమూల పెట్టుకొంటిమి. అందులో కొంత తులసికోటలో పోసి, మిగిలినది ఆమె దాచుకొన్నది. నేను ఆ పాత వ్యాసమును మరల తీసి, కడపట నొక పుట చేర్చితిని. అందు ఆమె చెప్పగా ఆ పల్లెలోని ఇండ్ల వరుస, బావి, రచ్చచెట్టు, ఆమె తల్లి పేరు, ఊరి పేరు వ్రాసితిని. అది అచ్చుకొఱకు కాదు, మా యింటికొఱకు. బోధిశ్రీ ఱాతిమీద వ్రాయించెను. మనకు కాగితమైన నున్నది కదా!

సోదరీమణులారా! నాగార్జునకొండకు తప్పక పోయిరండు. వానలు వెనుకబట్టిన పిదప, ఎండలు ముదురకమునుపు పోవుట మేలు. లాంచీవేళలు ముందుగా విచారించుకొని, నీడకు గొడుగును, చాలినన్ని మంచినీళ్ళను తీసికొనిపోవుడు. వీలైనయెడల ఇంటిలోని పెద్దవారిని వెంట తీసికొనిపోవుడు. ప్రదర్శనశాలలోని ఱాళ్ళు వేయియేండ్లైనను అచ్చటనే యుండును. వాని ప్రక్కనే కూర్చుండి "అది నేను చూచుచుండగా పుట్టినది" అని చెప్పగలవారు మాత్రము ఇక నెన్నాళ్ళో యుండరు.